పాత పీసీ గేమ్స్: సర్వర్ మూసేసినా ఆట ఆగదు.. అనకాపల్లి నుంచి డల్లాస్ దాకా ఫ్రెండ్స్‌తో మళ్లీ ఆడేదెలా?

ఒకప్పుడు నెట్ సెంటర్‌లో పక్కపక్క సీట్లలో కూర్చుని ఆడిన గ్యాంగ్ ఇప్పుడు తలో దిక్కు. ఒకరు అనకాపల్లిలోనే ఉన్నారు. ఇంకొకరికి విశాఖలో ఉద్యోగం, మరొకరు బెంగళూరు, నాలుగో వాడు అమెరికాలోని డల్లాస్. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 మళ్లీ కలిసి ఆడదామని ఇన్‌స్టాల్ చేస్తే గేమ్ బాగానే ఓపెన్ అవుతుంది.. మల్టీప్లేయర్ నొక్కితే మాత్రం ఎవరూ కనిపించరు. మరి గేమ్ పాడైందా? కాదు. గేమ్ అలాగే ఉంది, ఆటగాళ్లు కలుసుకునే చోటు మూతపడింది, అంతే. ఆ చోటుని మళ్లీ ఇచ్చేవే మ్యాచ్‌మేకింగ్ క్లయింట్లు. ఇవి ఎలా పనిచేస్తాయి? సెటప్ ఎలా చేసుకోవాలి? ఎక్కడ జాగ్రత్తగా ఉండాలి? పూర్తి వివరాలు చూద్దాం.

అసలు పాత గేమ్స్‌కి ఏమైంది?

2000 ప్రాంతంలో వచ్చిన చాలా పీసీ గేమ్స్‌కి సొంత సర్వర్లు లేవు. ఆటగాళ్లను కలిపే పనిని వేరే కంపెనీల సర్వీసులకు అప్పగించేవి. 1999లో వచ్చిన ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 కోసం మైక్రోసాఫ్ట్ 'జోన్' ఉండేది. సీడీ గేమ్స్‌కి ఆ సర్వీస్ 2006లో ఆగిపోయింది. బ్యాటిల్‌ఫీల్డ్ 1942, బ్యాటిల్‌ఫీల్డ్ 2, కమాండ్ అండ్ కాంకర్ జనరల్స్ లాంటివి గేమ్‌స్పై మీద ఆధారపడ్డాయి. 2014 మే 31తో గేమ్‌స్పై కూడా షట్టర్ దించేసింది. దాంతో వందలాది గేమ్స్‌లో ఆన్‌లైన్ బటన్ ఒక్కసారిగా ఉత్తుత్తి బటన్‌గా మారిపోయింది.

అయితే ఇక్కడే అసలు పాయింట్ ఉంది. ఈ గేమ్స్‌లో చాలావాటికి 'ల్యాన్' అనే ఆప్షన్ కూడా ఉంది. అంటే ఒకే గదిలో కేబుల్‌తో కలిపిన కంప్యూటర్లు బయటి సర్వర్ ఏదీ లేకుండానే నేరుగా మాట్లాడుకుంటాయి. ఆ దారి ఇప్పటికీ తెరిచే ఉంది. దూరంగా ఉన్న కంప్యూటర్లను ఒకే గదిలో ఉన్నట్టు కలపగలిగితే చాలు.. ఆట మళ్లీ మొదలవుతుంది.

మ్యాచ్‌మేకింగ్ క్లయింట్ అంటే?

అనకాపల్లి బెల్లం మార్కెట్ తెలిసినవాళ్లకి ఇది ఈజీగా అర్థమవుతుంది. అక్కడ కమీషన్ ఏజెంట్ బెల్లం వండడు, తినడు. రైతునీ, కొనేవాళ్లనీ కలుపుతాడు. క్లయింట్ పని కూడా అదే. గేమ్ ఇవ్వదు. ఎవరు ఆన్‌లైన్‌లో ఉన్నారో చూపిస్తుంది, ఒక గదిలో చేరుస్తుంది, ఒకరి ఇంటర్నెట్ అడ్రస్ ఇంకొకరికి అందించి రెండు కంప్యూటర్ల మధ్య దారి తెరుస్తుంది. ఆ తర్వాత ఆట నేరుగా ఆటగాళ్ల కంప్యూటర్ల మధ్యే నడుస్తుంది.

వీటిలో బాగా పేరున్నది గేమ్‌రేంజర్. ఆస్ట్రేలియాకి చెందిన స్కాట్ కెవిల్ అనే డెవలపర్ దీన్ని 1999లో మొదట మ్యాక్ కంప్యూటర్ల కోసం తెచ్చారు, తర్వాత విండోస్‌కి వచ్చింది. వాడటం ఉచితం. యాడ్స్ వద్దనుకునేవాళ్లకి డబ్బు కట్టే మెంబర్‌షిప్‌లు ఉన్నాయి. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 కోసం వూబ్లీ, జనరల్స్ సిరీస్ కోసం సీ అండ్ సీ ఆన్‌లైన్ లాంటి ప్రత్యేక సర్వీసులు కూడా ఉన్నాయి.

ముందు ఇవి సరిచూసుకోండి

ఇది ఫోన్‌లో అయ్యే పని కాదు. విండోస్ కంప్యూటర్ కావాలి. అందులో గేమ్ ముందే ఇన్‌స్టాల్ అయి ఉండాలి. ఆ తర్వాత మూడు విషయాలు చూసుకోవాలి.

మొదటిది వెర్షన్. అందరి దగ్గరా గేమ్ ఒకే వెర్షన్ ఉండాలి. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2కి 2000లో వచ్చిన కాంకరర్స్ ఎక్స్‌పాన్షన్‌నే తీసుకుంటే.. ఒకరి దగ్గర అధికారిక 1.0సీ ప్యాచ్, ఇంకొకరి దగ్గర ప్యాచ్ వేయని పాత వెర్షన్ ఉంటే గేమ్ కలవదు. కలిసినా మధ్యలో 'అవుట్ ఆఫ్ సింక్' అంటూ ఆగిపోతుంది. గేమ్‌లో ఏవైనా మార్పులు, మోడ్స్ వేసి ఉంటే అవి కూడా అందరి దగ్గరా ఒకేలా ఉండాలి.

రెండోది డైరెక్ట్‌ప్లే. పాత గేమ్స్ చాలావరకు నెట్‌వర్క్ కోసం వాడే మైక్రోసాఫ్ట్ విడిభాగం ఇది. విండోస్ 10, 11లో ఇది ఉంటుంది కానీ ఆఫ్‌లో ఉంటుంది. కంట్రోల్ ప్యానెల్‌లో 'టర్న్ విండోస్ ఫీచర్స్ ఆన్ ఆర్ ఆఫ్' ఓపెన్ చేసి, 'లెగసీ కాంపొనెంట్స్' కింద డైరెక్ట్‌ప్లే పక్కన టిక్ పెట్టి ఓకే నొక్కితే సరిపోతుంది. మల్టీప్లేయర్ నొక్కగానే గేమ్ మూసుకుపోతోందంటే ముందుగా చూడాల్సింది ఇదే.

మూడోది సీడీ. అప్పట్లో చాలా గేమ్ సీడీలకు సేఫ్‌డిస్క్ అనే కాపీ రక్షణ ఉండేది. దానికి కావాల్సిన డ్రైవర్ విండోస్ 10 నుంచి లేదు. అందుకే డబ్బు పెట్టి కొన్న ఒరిజినల్ సీడీ కూడా కొత్త కంప్యూటర్‌లో పనిచేయకపోవచ్చు. అలాంటప్పుడు అదే గేమ్‌ని స్టీమ్, జీఓజీ లాంటి డిజిటల్ షాపుల్లో వెతకడం మేలు. ఉదాహరణకు కమాండ్ అండ్ కాంకర్ జనరల్స్ 2024లో స్టీమ్‌లోకి వచ్చింది. 2025 ఫిబ్రవరిలో ఈఏ సంస్థ దాని సోర్స్ కోడ్‌ని కూడా అందరికీ విడుదల చేసింది.

సెటప్ స్టెప్ బై స్టెప్

1. గేమ్‌రేంజర్‌ని దాని అధికారిక సైట్ నుంచే డౌన్‌లోడ్ చేసుకోవాలి. ఇన్‌స్టాల్ చేసి మెయిల్ ఐడీతో అకౌంట్ తెరవాలి. మెయిల్‌కి వచ్చే లింక్ నొక్కితే అకౌంట్ యాక్టివ్ అవుతుంది.

2. క్లయింట్ ఆప్షన్స్‌లో గేమ్స్ విభాగానికి వెళ్లి, గేమ్ ఎక్కడ ఇన్‌స్టాల్ అయిందో చూపించాలి. గేమ్ ఫోల్డర్‌లోని అసలు ఈఎక్స్‌ఈ ఫైల్‌ని ఎంచుకోవాలి. డెస్క్‌టాప్ మీదున్న షార్ట్‌కట్‌ని కాదు.

3. విండోస్ ఫైర్‌వాల్ అనుమతి అడిగితే క్లయింట్‌కీ, గేమ్‌కీ రెండింటికీ 'అలౌ' ఇవ్వాలి. ఫైర్‌వాల్ మొత్తం ఆఫ్ చేయాల్సిన పని లేదు.. చేయకూడదు కూడా.

4. గ్యాంగ్‌లో ఒకరు హోస్ట్ కావాలి. హోస్ట్ నొక్కి, గేమ్ ఎంచుకుని, ఎంతమంది ఆడతారో పెట్టి, గదికి పాస్‌వర్డ్ పెట్టుకోవాలి. లేదంటే తెలియనివాళ్లు కూడా వచ్చి కూర్చుంటారు.

5. మిగతావాళ్లు ఆ గదిలోకి జాయిన్ అవ్వాలి. అందరూ వచ్చాక హోస్ట్ స్టార్ట్ నొక్కితే అందరి కంప్యూటర్లలో గేమ్ దానంతటదే ఓపెన్ అవుతుంది.

గేమ్‌ని 'రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్'లో పెట్టుకున్నవాళ్లు క్లయింట్‌ని కూడా అలాగే తెరవాలి. ఒకటి అడ్మిన్‌లో, ఇంకొకటి మామూలుగా నడిస్తే గేమ్ స్టార్ట్ కాకుండా మొరాయించే ఛాన్స్ ఉంది.

జాయిన్ అవ్వట్లేదా? కారణం ఇదే కావచ్చు

గదిలోకి వస్తారు కానీ గేమ్‌లోకి రాలేరు.. ఎక్కువమందికి ఎదురయ్యే సమస్య ఇది. పాత తరహా ఇంటర్నెట్ అడ్రస్‌లు ప్రపంచంలో సరిపడా లేవు. అందుకే మొబైల్ నెట్‌వర్క్‌లు, కొన్ని బ్రాడ్‌బ్యాండ్ కంపెనీలు ఒకే అడ్రస్‌ని చాలామంది కస్టమర్లకు పంచుతాయి. అపార్ట్‌మెంట్‌లో అందరికీ ఒకటే గేటు ఉన్నట్టు అన్నమాట. లోపలివాళ్లు బయటికి వెళ్లడం ఈజీ. బయటివాళ్లు ఫలానా ఫ్లాట్‌కి రావాలంటే మాత్రం వాచ్‌మన్‌కి తెలియాలి.

అందుకే ఫోన్ హాట్‌స్పాట్ మీద ఉన్నవాళ్లని హోస్ట్‌గా పెట్టొద్దు. ఇంట్లో ఫైబర్ కనెక్షన్ ఉన్నవాళ్లు హోస్ట్ చేస్తే సగం సమస్యలు పోతాయి. అప్పటికీ కుదరకపోతే హోస్ట్‌ని మార్చి చూడాలి. గేమ్‌రేంజర్ వాడే దారి యూడీపీ 16000 పోర్ట్. రౌటర్ దాన్ని అడ్డుకుంటోందేమో చూడాలి. అడ్రస్ పంచుకునే కనెక్షన్ అయితే రౌటర్‌లో ఎన్ని మార్పులు చేసినా లాభం ఉండదు. విడిగా పబ్లిక్ ఐపీ ఇస్తారేమో కంపెనీని అడగడమే మార్గం.

స్పీడ్ ఎంత ఉండాలి?

100 ఎంబీపీఎస్ ప్లాన్ ఉంటేనే ఆట సాఫీగా నడుస్తుందనుకుంటే పొరపాటే. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ మొదటి భాగాన్ని 28.8 కేబీపీఎస్ డయల్ అప్ మోడెమ్ మీద ఆడేలా తయారు చేశారు. స్క్రీన్ మీద వందల సైనికులు ఉన్నా వాళ్ల కదలికలేవీ నెట్‌లో వెళ్లవు. 'ఈ విలుకాళ్లు అటు వెళ్లాలి' అన్న ఆర్డర్ మాత్రమే వెళ్తుంది. మిగతా లెక్కంతా ప్రతి కంప్యూటర్ సొంతంగా వేసుకుంటుంది. అందరి లెక్కా ఒకేలా రావాలి కాబట్టే వెర్షన్ ఒకటే ఉండాలి. అంతేకాదు, అందరిలో స్లోగా ఉన్న కంప్యూటర్ ఎంత వేగంతో వెళ్తే ఆట మొత్తం అంతే వేగంతో వెళ్తుంది.

ఇక్కడ ముఖ్యమైనది పింగ్. అంటే మన సిగ్నల్ వెళ్లి తిరిగి రావడానికి పట్టే టైమ్. అనకాపల్లి నుంచి డల్లాస్‌కి గాల్లో గీత గీస్తేనే 14 వేల కిలోమీటర్లకు పైగా దూరం. ఫైబర్‌లో కాంతి సెకనుకి దాదాపు 2 లక్షల కిలోమీటర్లు వెళ్తుంది. ఆ లెక్కన వెళ్లి రావడానికే 140 మిల్లీ సెకన్లు దాటుతుంది. అసలు కేబుళ్లు సముద్రాల కింద చుట్టూ తిరిగి వెళ్తాయి కాబట్టి ఇంకా ఎక్కువే పడుతుంది. ఏ ప్లాన్ కొన్నా దీన్ని తప్పించలేం.

అయినా భయం లేదు. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ ప్రోగ్రామర్లు తమ అనుభవంలో గమనించింది ఏంటంటే.. ఆర్డర్ ఇచ్చాక 250 మిల్లీ సెకన్ల ఆలస్యాన్ని ఆటగాళ్లు గుర్తించనే లేదు, 500 వరకు హాయిగా ఆడగలిగారు. ఆలస్యం ఒకేలా ఉంటే పర్వాలేదు, కాసేపు ఎక్కువ, కాసేపు తక్కువ అయితేనే చిరాకు. అందుకే వైఫై కన్నా రౌటర్ నుంచి కేబుల్ లాగి ఆడటం మంచిది. గన్‌తో కాల్చుకునే షూటింగ్ గేమ్స్‌కి మాత్రం ఈ ఆలస్యం ఇబ్బందే. వాటికి అనకాపల్లి, విశాఖ, హైదరాబాద్, బెంగళూరు బ్యాచ్ వరకే బెటర్.

టైమ్ కూడా చూసుకోవాలి. అనకాపల్లిలో ఆదివారం ఉదయం 8 గంటలంటే డల్లాస్‌లో శనివారం రాత్రి. అక్కడ వేసవి టైమ్ నడుస్తుంటే 9:30, చలికాలం అయితే 8:30.

అన్ని గేమ్స్‌కీ ఇది పనిచేస్తుందా?

లేదు. మనవాళ్లకి బాగా గుర్తున్న రెండు గేమ్స్‌కే ఇది కుదరదు. 2000లో వచ్చిన ప్రాజెక్ట్ ఐజీఐలో అసలు మల్టీప్లేయరే లేదు, దాని రెండో భాగంలోనే వచ్చింది. జీటీఏ వైస్ సిటీ కూడా ఒక్కరే ఆడే గేమ్. దాన్ని కలిసి ఆడేందుకు అభిమానులు తయారుచేసిన మోడ్స్ వేరే ఉన్నాయి. కౌంటర్ స్ట్రైక్ 1.6కైతే ఈ తిప్పలేవీ అక్కర్లేదు. స్టీమ్‌లో కొంటే సర్వర్ల లిస్ట్ అందులోనే వస్తుంది. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2కి కూడా 2019లో కొత్త డెఫినిటివ్ ఎడిషన్ వచ్చింది, ఆన్‌లైన్ ఏర్పాటు దానిలోనే ఉంది. కాకపోతే అందరూ దాన్ని కొనాలి, కాస్త మంచి కంప్యూటర్ ఉండాలి. పాత సీడీ వెర్షన్, కొత్త ఎడిషన్ ఒకదానితో ఒకటి కలవవు.

ఈ తప్పులు చేయొద్దు

'ఫ్రీ డౌన్‌లోడ్', 'నో సీడీ క్రాక్' అంటూ తెలియని సైట్లలో దొరికే ఫైళ్లే అన్నింటికన్నా పెద్ద ప్రమాదం. ఇన్‌స్టాల్ చేసేముందు యాంటీవైరస్ ఆఫ్ చేయమని అడిగితే అక్కడితో ఆపేయాలి. బ్యాంక్ లావాదేవీలు చేసే కంప్యూటర్‌లో ఇలాంటివి అస్సలు వద్దు. పాత గేమ్ కదా అని విండోస్ ఎక్స్‌పీ సిస్టమ్‌ని నెట్‌కి తగిలించడం కూడా రిస్కే, దానికి 2014 ఏప్రిల్ నుంచే సెక్యూరిటీ అప్‌డేట్లు ఆగిపోయాయి. మెయిల్ పాస్‌వర్డ్‌నే గేమ్ అకౌంట్‌కీ పెట్టొద్దు. గదిలో పరిచయమైనవాళ్లు పంపే లింకులు నొక్కొద్దు. డబ్బు పోతే వెంటనే సైబర్ క్రైమ్ హెల్ప్‌లైన్ 1930కి కాల్ చేయాలి.

కొత్త చట్టం వచ్చింది కదా, ఇలా ఆడటం నేరమా అని కొందరికి డౌట్. 2025 ఆగస్టులో పార్లమెంట్ ఆమోదించిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం నిషేధించింది డబ్బు కట్టి, గెలిస్తే డబ్బు వచ్చే ఆటలను. సరదాగా ఫ్రెండ్స్‌తో ఆడే ఆటలను కాదు. పందెం మాత్రం పెట్టొద్దు.

రేపు ఈ క్లయింట్ కూడా ఆగిపోతే?

జోన్, గేమ్‌స్పై రెండూ పోయినట్టే ఏదో ఒకరోజు ఇదీ పోవచ్చు. ఇలాంటి సర్వీసుల్లో కొన్ని ఒకరిద్దరి ఓపిక మీదే నడుస్తున్నాయి. అందుకే రెండో దారి కూడా తెలిసి ఉండాలి. హమాచి, రాడ్మిన్ వీపీఎన్ లాంటివి దూరంగా ఉన్న కంప్యూటర్లను ఒకే ల్యాన్‌లో ఉన్నట్టు కలుపుతాయి. హమాచిలో ఒక నెట్‌వర్క్‌కి 5 కంప్యూటర్ల వరకు ఉచితం. అందరూ అందులో చేరాక గేమ్‌లో ల్యాన్ ఆప్షన్ నొక్కడమే. ఆ నెట్‌వర్క్‌లో మీ కంప్యూటర్ మిగతావాళ్లకి కనిపిస్తుంది కాబట్టి, బాగా తెలిసినవాళ్లతో మాత్రమే కలవాలి.

ఇప్పుడే చేయాల్సిన పని ఇంకొకటుంది. గేమ్ ఇన్‌స్టాలర్, అధికారిక ప్యాచ్, సీడీ కీ మూడూ ఒక పెన్‌డ్రైవ్‌లో దాచిపెట్టుకోండి. పాత ప్యాచ్‌లు పెట్టిన సైట్లు కూడా సర్వర్లలాగే ఒక్కొక్కటిగా మాయమవుతున్నాయి. కంపెనీ సర్వర్ ఉన్నా, లేకపోయినా.. మెనూలో ల్యాన్ ఆప్షన్, చేతిలో గేమ్ ఫైళ్లు, అవతల ఒక ఫ్రెండ్ ఉంటే చాలు. వచ్చే సంక్రాంతికి ఊరికి రాలేనివాళ్లు కూడా ఆటకి రావచ్చు.