పరుల పెట్టెలలో మన చరిత్ర

1931 ఏప్రిలులో గుజరాతునందలి బోర్సదున, ఫాక్సు మూవీటోను అను అమెరికా వార్తాచిత్రముల కంపెనీవారు గాంధీమహాత్ముని రూపమును కంఠస్వరముతోగూడ ఫిలిముపై పట్టిరి. ఆ కంపెనీ భాండారములో పెద్దభాగము 1980లో దక్షిణ కెరొలైనా విశ్వవిద్యాలయమునకు చేరినది. మన జాతి కథను మనము తెరపై చూపదలచినను సముద్రములకావలి తలుపులు తట్టవలసి వచ్చుచున్నది. ఇది మన యుపేక్షకు ఫలము.

ఈ కష్టమును తొలుత గుర్తించి శ్రమించిన వాడు తమిళుడగు ఎ. కె. చెట్టియారు. ఆయన దేశదేశములు తిరిగి, నూరుగురు ఛాయాగ్రాహకులు సుమారు 30 ఏండ్లలో తీసిన ఫిలిమును ఏబదివేల అడుగులవరకు సేకరించి, అందుండి పండ్రెండువేల అడుగుల చిత్రమును కూర్చి 1940లో ప్రదర్శించెను. దానికి తెలుగు వ్యాఖ్యానముతోడి ప్రతియు వెలువడెను. అట్టి చిత్రము సైతము చిరకాలము కానరాకపోయెను. తుదకు సంక్షిప్తమగు ఆంగ్లప్రతి యొకటి అమెరికాలో బయటపడెను.

పాత ఫిలిమును వాడదలచినవారు ముందుగా నెరుగవలసిన దొకటి గలదు: ప్రతి వేరు, హక్కు వేరు. పెట్టె యొకరి యింటనుండవచ్చును, హక్కు మరియొకరిది కావచ్చును. అందలి సంగీతమునకు వేరొక యజమాని యుండవచ్చును. లైసెన్సనగా క్రయము కాదు, కౌలువంటిది. ఎన్ని క్షణముల బొమ్మ, ఏయే దేశములలో, సినిమాహాలులోనా టెలివిజనులోనా, ఎన్ని యేండ్లు అను షరతులనుబట్టి రుసుము నిర్ణయింపబడును. అయిదేండ్లకు మాత్రమే వ్రాయించుకొన్నచో ఆరవయేట ఆ చిత్రమును మరల ప్రదర్శించుట నేరమగును. కౌలుకాగితమును చదువక వ్రేలిముద్ర వేసిన రైతుగతియే ఆ నిర్మాతకును పట్టును.

మన 1957 నాటి చట్టము చలనచిత్రమునకు, అది ప్రకటింపబడిన మరుసటి సంవత్సరారంభమునుండి 60 ఏండ్లు హక్కు నిచ్చుచున్నది. గడువు తీరినపిమ్మట అది అందరి సొత్తు. కాని ప్రతియే లేనిచో ఆ స్వాతంత్ర్యముతో నేమి ప్రయోజనము? ప్రతి గలవాడు అడిగినంత యిచ్చియే తీరవలెను. పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారము 1964లోగాని వెలయలేదు. ఆలోపల మూకీలలో అధికభాగము నశించెను. రఘుపతి వెంకయ్యగారు, వారి కుమారుడు ప్రకాశుగారు నిర్మించిన భీష్మప్రతిజ్ఞ నేడు పేరునకే మిగిలినది. నాటి నైట్రేటు ఫిలిము సులభముగ నంటుకొనును; 2003లో పూనాలోనే నిప్పంటుకొని వందలకొలది పాతచిత్రములు భస్మమయ్యెను.

కావున మన కర్తవ్యము స్పష్టము. పాత సినిమాహాళ్ల మిద్దెలపైనను, ధనికుల భోషాణములలోను తుప్పుపట్టుచున్న డబ్బాలను చిత్తుసామాను వర్తకునకు తూచి యమ్మరాదు. పెండ్లి ఊరేగింపైనను, జాతీయ సభయైనను, గోదావరి వరదయైనను, అందున్నది మన ముఖమే. పేరు, తేది, తీసినవాని వివరములు వ్రాసి భాండాగారమునకు అప్పగింపుడు. హక్కు మీయందే యుంచుకొనదలచినచో ఆ మాట కాగితముమీద పెట్టుడు. పొలము గట్టు జరిగిన కోర్టుకెక్కు మనము, చరిత్ర సరిహద్దు చెరిగిపోవుచుండ చూచుచు కూర్చుండుట తగునా?