ఎడారిలో తంగేడుకు ఒక చెల్లెలు

బతుకమ్మ దగ్గర పడితే మనవాళ్ల మనసు క్యాంపులో నిలవదు. ఊళ్లో బతుకమ్మను పేర్చేది ఆడవాళ్లే అయినా, చెలకలు, గుట్టలు తిరిగి తంగేడు, గునుగు కోసుకొచ్చే పని ఎక్కువగా మగవాళ్లది, పిల్లలది. గల్ఫ్‌కు వచ్చాక ఆ పని మన చేతి నుంచి పోయింది. పండుగను ఫోన్‌లో చూసుకోవడమే మిగిలింది.

ఆ వెలితి తీరుతుందేమోనని ఒక ఏడాది మేము సూపర్‌మార్కెట్‌లో బంతి విత్తనాలు కొని గది ముందు డబ్బాల్లో వేశాం. చలికాలమంతా బాగా పూశాయి. మే నెలలో ఓవర్‌టైమ్ పడి రెండు రోజులు నీళ్లు పోయలేదు. అంతే, మాడిపోయాయి. గార్డెనింగ్ పని చేసే సోదరులకు ఇది కొత్త సంగతి కాదు. చలికాలం ముందు రోడ్ల పక్కన నాటిన పిటూనియాలను ఎండలు ముదిరాక పీకేసేదీ వాళ్లే.

కానీ అదే రోడ్డు దాటి ఖాళీ ఇసుక నేలలోకి చూడండి. ఎవరూ నీళ్లు పోయని చోట పచ్చటి పూలు కనిపిస్తాయి.

తెలిసిన ముఖాలే

నేల మీద పరుచుకుని, తంగేడు లాంటి ఆకులతో, ఐదు రేకుల పసుపు పూలు పూసే మొక్క ఒకటుంది. అరబ్బులు దీన్ని ఇష్రిక్ అంటారు. శాస్త్రజ్ఞుల పేరు సెన్నా ఇటాలికా. మన తంగేడు సెన్నా ఆరిక్యులేటా. అంటే రెండూ ఒకే ఇంటి పిల్లలు. అక్క నిలువెత్తు పెరిగితే చెల్లెలు నేలను అంటుకుని ఉంటుంది.

తెల్లటి దూది కంకులతో గుబురుగా పెరిగే మొక్క ఇంకొకటి. దీని పేరు ఏర్వా జవానికా. మన పిండికూరకు దగ్గరి చుట్టం, గునుగు కుటుంబంలోదే. పూర్వం అరబ్బులు ఈ దూదిని దిండ్లలో నింపుకునేవారు.

పల్లేరు జాతి కూడా ఇక్కడ ఉంది. ఇక ఎమిరేట్స్ జాతీయ వృక్షం ఘాఫ్ మరేదో కాదు, దసరాకు మనం మొక్కే జమ్మిచెట్టే. 2014లో తెలంగాణ తన రాష్ట్ర పుష్పంగా తంగేడును, రాష్ట్ర వృక్షంగా జమ్మిని ప్రకటించింది. ఇద్దరికీ ఈ ఎడారిలో సొంతవాళ్లున్నారు.

డబ్బాలో పెంచడం ఇలా

ఇష్రిక్ వేరు లోతుకు పోతుంది. కాబట్టి లోతైన డబ్బా కావాలి. వంటనూనె డబ్బా గానీ, కోసిన పెద్ద వాటర్ బాటిల్ గానీ చాలు. పెయింట్, కెమికల్ డబ్బాలు వద్దు. అడుగున ఐదారు రంధ్రాలు పెట్టి, మూడు పాళ్లు ఇసుకకు ఒక పాలు ఎరువు కలిపి నింపాలి. తెల్లగా ఉప్పు పేరుకున్న నేల నుంచి ఇసుక తేకూడదు.

ఎండిన కాయల్లోని గింజల పైపొర గట్టిది. గరుకు కాగితం మీద కొద్దిగా రుద్ది, రాత్రంతా నీళ్లలో నానబెట్టి, వేలి గోరంత లోతులో వేయాలి. ఏర్వా గింజలు చాలా సన్నవి. వాటిని ఇసుక మీద చల్లి మెల్లగా అదిమితే చాలు. అక్టోబర్, నవంబర్ నెలలు అదను.

ఏసీ పైపు నుంచి కారే నీళ్లలో ఉప్పు ఉండదు, అవే పోయవచ్చు. నిల్వ పెడితే మాత్రం దోమలు చేరతాయి. మొలక నిలదొక్కుకున్నాక, ఇసుక పూర్తిగా ఆరాకే నీళ్లు పోయాలి. ఈ మొక్కలను చంపేది ఎండ కన్నా ఎక్కువ నీళ్లే.

ఇవి మరవద్దు

అడవి మొక్కను వేళ్లతో పీకవద్దు. గల్ఫ్ దేశాల్లో దీనికి జరిమానాలున్నాయి. ఎండిన కాయలు నాలుగు చాలు, రక్షిత ప్రాంతాల్లో అవి కూడా ముట్టుకోవద్దు. మొక్కల ఆరోగ్య ధ్రువపత్రం లేకుండా ఊరి నుంచి విత్తనాలు బ్యాగులో తేవద్దు. ఇష్రిక్ ఆకులు, కాయలు తింటే విరేచనాలవుతాయి. డబ్బాలు పెట్టే ముందు క్యాంప్ బాస్‌కు చెప్పండి. మెట్లకు, ఫైర్ ఎగ్జిట్‌కు అడ్డం పెట్టకండి.

మా ఇష్రిక్ మొదటి ఏడాది ఆకులే వేసింది. ఎండాకాలంలో సగం ఎండినట్టయింది, చచ్చిందనుకున్నాం. వేరు బతికే ఉంది. రెండో ఏడాది బతుకమ్మ నాటికి ఏడు పూలు పూసింది. పళ్లెంలో ఏర్వా కంకులు పరిచి, మీద ఆ ఏడు పూలు పెట్టి, ఇంటికి వీడియో కాల్ చేశాం.

"అక్కడ గూడ తంగేడుందా?" అన్నారు ఇంట్లోవాళ్లు.

ఉంది. ఈ ఏడు పూలు కోసుకొచ్చే పని మళ్లీ మన చేతికొచ్చింది.