ప్రత్తిచేలలో పరీక్ష: ప్రయోగనిర్మాణ విచారము

జనగామ చల్కలును, మహబూబాబాదు ప్రాంతపు ఎఱ్ఱనేలలును, భూపాలపల్లినుండి గోదావరి దిక్కునకు బోవునపుడు కానవచ్చు రేగళ్లును ఒక్కతీరువి కావు. వర్షపాతమును సమానము గాదు. 2016 అక్టోబరులో వేఱుజిల్లా లగుటకు బూర్వ మీ ప్రాంతము లధికభాగము వరంగల్లు జిల్లాలోనివే. మూటియందును బ్రత్తి పండుచున్నది. ఏటేట దొలకరికి ముందు రైతును వేధించు ప్రశ్న యొక్కటే: ఈయేడు ఏ విత్తనము? దీనికి నమ్మదగిన సమాధానము ప్రయోగమువలననే లభింపవలయును. పాఠశాలలో గాజుగొట్టములతో నేర్పబడు విధి యీ చేలకును వర్తించును.

1997-98లో వరంగల్లు జిల్లాయందు బురుగులవలన బ్రత్తి చెడి, ఋణగ్రస్తులైన పెక్కుమంది రైతులు ప్రాణములు దీసికొనిరి. 2002 మార్చిలో బి.టి. ప్రత్తికి బ్రభుత్వానుమతి గలిగెను. ఈ జిల్లా గ్రామములలో బరిశోధించిన అమెరికాదేశపు మానవశాస్త్రజ్ఞుడు గ్లెన్ డేవిస్ స్టోన్, 2007లో బ్రకటించిన వ్యాసమున, విత్తనముల యెన్నిక యిచట గాలివాటుగా సాగుచుండెననియు, ఊరెల్ల నెగబడి కొనిన రకము కొలదికాలమునకే విడువబడుచుండెననియు జూపెను. రైతు అవివేకి యని దీని యర్థము గాదు. రకములు లెక్కకు మించి, ఏటేట గ్రొత్తవి వచ్చుచుండగా, ఒకదానిని బరీక్షించి తెలిసికొనునంతలో నంగడిలో మఱియొకటి యుండును.

పరీక్ష చెడు మార్గములు పెక్కు. నిరుడు పాతవిత్తనమును, ఈయేడు క్రొత్తవిత్తనమును వేసి దిగుబడులు పోల్చినచో, తేలినది విత్తనపు గుణమో వానగుణమో చెప్పుట కలవిగాదు. పొరుగువాని చేనితో బోల్చుటయు నట్టిదే. ఇంకొక దోషము సూక్ష్మమైనది. ఎక్కువ వెలపెట్టి కొనిన విత్తనమును రైతు మంచినేలలోనే చల్లును, ఎరువు నధికముగా వేయును. పిదప ఫలమెల్ల విత్తనమున కారోపింపబడును. బి.టి. గుణము కాయదొలుచు పురుగులకు విరుగుడేగాని రసముబీల్చు పురుగులపై బనిచేయదు. ఆ గుణపు ఫలమునే తెలియగోరినచో, అదే సంకరరకమును ఆ గుణములేనిదానిని ప్రక్కన వేయక తీఱదు.

ఇంగ్లండున రాథమ్‌స్టెడ్ వ్యవసాయక్షేత్రమునకు 1919లో వచ్చిన రోనాల్డ్ ఫిషర్, పంటపొలములనుండియే యీ శాస్త్రమును నిర్మించి, 1935లో బ్రయోగనిర్మాణముపై గ్రంథము వెలువరించెను. ఆయన పద్ధతి నిట్లు వివరింపవచ్చును. చేనిని ఆఱు జతల మడులుగా విభజింపవలయును. ప్రతిజతలోని రెండుమడులును ఒకే నేల, ఒకే వాలు గలవై యుండవలయును. ఏమడికి ఏవిత్తనమో చీట్లు వేసి నిర్ణయింపవలయునేగాని మనసున దోచినట్లు గాదు. విత్తనములు రెండును సమానములే యైనచో, క్రొత్తది యాఱుజతలలోను అధికముగా బండుట 64 మాఱులలో నొక్కమాఱు మాత్రమే సంభవించును. మూడే జతలైనచో 8 మాఱులలో నొక్కమాఱు. అంతమాత్రమున నమ్మి యప్పుచేయుట సాహసము. జనగామలో దేలిన ఫలము భూపాలపల్లికి జెల్లునో లేదో యచటి నేలలోను జతలు వేసియే తెలిసికొనవలయును. ఆంధ్ర విశ్వకళాపరిషత్తున గణితమభ్యసించిన సి. ఆర్. రావు, అనేక కారణములను గొలదిమడులలో నేకకాలమున బరీక్షించుటకు దోడ్పడు వ్యూహములను 1947లో ప్రకటించుట తెలుగువారికి సంతోషదాయకము.

ఒకేమడిలోని నూఱుమొక్కలను నూఱు పరీక్షలుగా నెంచుట సామాన్యమగు పొరపాటు. గ్రంథపరిష్కర్తల కిది సులభగ్రాహ్యము. ఒకే మాతృకనుండి వ్రాసికొనిన పది తాళపత్రప్రతు లొక్క పాఠమున కేకీభవించినను, అవి పదిసాక్ష్యములు గావు, ఒక్కటియే. మడిలోని మొక్కలును ఒకే నేల, ఒకే నీరు అను మాతృకకు బ్రతులు.

ఏది కొలువవలయునో విత్తుటకు ముందే వ్రాసి యుంచవలయును. ప్రత్తి నొక్కమాఱే యేఱరు. త్వరగా బగులు రకము మొదటి యేఱుటలో మిన్నగా గనబడి, కడపట వెనుకబడవచ్చును. కావున నన్నియేఱుటల తూకమును గలుపవలయును. అంచుసాళ్ల ప్రత్తిని వేఱుచేయవలయును, అచటి మొక్కలకు వెలుతురును జోటును ఎక్కువ. తూచువానికి ఏమూట ఏవిత్తనముదో తెలియరాదు. మూటలపై నంకెలు మాత్రమే యుండవలయును. పశువులు మేసిన మడిని దాని జతతోగూడ లెక్కనుండి తొలగించి, తొలగించిన సంగతిని బుస్తకమున వ్రాయవలయును. దిగుబడి తగ్గినదని మాత్ర మేమడిని దొలగింపరాదు.