ఏమియు లేని బండి

రామకుప్పం చుట్టుపట్ల ఎఱ్ఱనేలలలో వేకువజామున నడచువారికి, కోడికూత తరువాత వినవచ్చు ధ్వని యొకటి ఈ మధ్య అలవాటైపోయినది. మల్బరీ సాళ్ల నడుమనో, టమాటా చేని గట్టుననో నిలిచిన రైతు తాడును ఒక్క గుంజు గుంజగానే, జానెడు పెట్రోలు ఇంజను దడదడలాడి, కలుపు తీయు వీడరు ముందునకు కదలును. ఆ జాతి ఇంజనునే ఇనుపగొట్టముల చట్రమునకు బిగించి, నాలుగు చిన్న చక్రములు తగిలించి, నేలకు బెత్తెడెత్తున మనిషిని కూర్చుండబెట్టినచో అది గో-కార్టు అను పందెపుబండి యగును. కార్టులు పరుగులు తీయు బాటలు బెంగళూరు, హైదరాబాదు వంటి నగరములలో వెలసినవి గాని, ఆ బండి గుండెకాయ మాత్రము ఈ మండలపు పొలములలో అనుదినము కొట్టుకొనుచునే యున్నది.

ఈ చుట్టరికము కాకతాళీయము కాదు. 1956లో అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రమున, పందెపుకార్లు కట్టు కుర్టిస్ క్రాఫ్ట్ కర్మాగారమున పనిచేయుచుండిన ఆర్ట్ ఇంగెల్స్ అనునతడు, గడ్డి కోయు యంత్రపు ఇంజనును గొట్టముల చట్రముపై నిలిపి నడపినదే తొలి కార్టు. తరువాత మూడేండ్లకు మెక్‌కల్లక్ కంపెనీవారు చెట్లు కోయు తమ రంపపు ఇంజనును సవరించి కార్టులకై అమ్మిరి. బ్రెజిలు దేశపు ప్రఖ్యాత పందెగాడు అయర్టన్ సెన్నా నాలుగేండ్ల ప్రాయమున తండ్రి కట్టియిచ్చిన కార్టు నెక్కెను. దానికిని గడ్డికోత యంత్రపు ఇంజనే. తోటపనిముట్టు కడుపున పుట్టిన ఈ బండిని కేవలము ధనికుల విలాసముగా తలచుట పొరపాటని నా అభిప్రాయము.

మోటారుకారును చూచిన కంటితో కార్టును చూచినచో మొదట తోచునవి దానిలో ఉన్న వస్తువులు కావు, లేనివి. స్ప్రింగులు లేవు, గేర్లపెట్టె లేదు, వెనుకచక్రములు వేర్వేరు వేగములతో తిరుగుటకు వీలొసగు డిఫరెన్షియల్ లేదు, సాధారణమైన కార్టులలో బ్యాటరీ లేదు, నూనెను తోడు పంపు లేదు, వడగట్టు ఫిల్టరును లేదు. అయినను ఆ పనులేవియు ఆగుట లేదు. ఒక్కొక్క లేమికి బదులు మరియొకటి ఊడిగము చేయుచున్నది. ఏదియు దొరకనిచోట ఆ ఊడిగము మనిషి మీద పడుచున్నది. కార్టును నడపుట యనినను, బాగుచేయుట యనినను ఈ బదులుపనుల నెఱుగుటయే.

వెనుక ఇరుసు సంగతి చూడుడు. ఎద్దులబండి చక్రములు ఇరుసుపై దేనికది తిరుగును గనుక, మలుపులో బయటిచక్రము ఎక్కువయు లోపలిచక్రము తక్కువయు దొర్లి బండి సులువుగా మరలును. కార్టున రెండు వెనుకచక్రములును ఇరుసునకు బిగిసి కలిసియే తిరుగవలెను. వాని నడిమి యెడము 1.2 మీటర్లనుకొందము, లంబకోణపు మలుపు ముగియునప్పటికి బయటిచక్రము లోపలిదానికంటె దాదాపు 1.9 మీటర్లు అధికముగా నడువవలసియుండును. మలుపు విశాలమైనను ఇరుకైనను ఈ తేడా మారదు. కలిసి తిరుగు చక్రములకు ఇది అసాధ్యము గనుక, ఏదో యొకటి నేలపై ఈడ్చుకొనిపోయి వేగమును మ్రింగును. దీనికి కార్టు పన్నిన ఉపాయము చిత్రమైనది: మలుపులో అది లోపలి వెనుకచక్రమును నేలనుండి లేపివేయును. ముందుచక్రములు తిరుగు కీలుకడ్డీలు నిట్టనిలువుగాక వాలుగా నుండుటచే, స్టీరింగు త్రిప్పినంతనే లోపలివైపు ముందుచక్రము నేలను నొక్కును, బయటిది తేలికపడును. నులకమంచపు ఒక కోటి క్రింద రాయి పెట్టగా పక్కకోడు నేల నంటక ఊగినట్లు, అదేవైపు వెనుకచక్రము గాలిలోనికి లేచును. అప్పుడు బండి మూడు చక్రములపై మలుపు దాటి, స్టీరింగు తిన్ననైన పిదప నాలుగవదానిని దింపును. స్ప్రింగుల పనియు ఈ చట్రపు మెలికయే చేయుచున్నది. కనుకనే, సొంతముగ కార్టులు కట్టు ఇంజనీరింగు విద్యార్థులు బలము చాలదను భయముతో చట్రమునకు అడ్డుకడ్డీలు విరివిగా వెల్డింగు చేయుట మేలు కాదు. చట్రము మెలిపడనిచో చక్రము లేవదు, బండి తిరుగదు.

గేర్లపెట్టెకు బదులు పనిచేయునది అపకేంద్రబలము. ఇంజను నిమిషమునకు సుమారు 2000 చుట్లు తిరుగువరకు క్లచ్చిలోని షూలు ముడుచుకొనియుండి, ఆపై విసురునకు విచ్చుకొని డ్రమ్మును పట్టుకొనును, హోసూరు టి.వి.ఎస్. వారి ఎక్సెల్ మోపెడు నడపినవారికి ఇది క్రొత్త సంగతి కాదు. కార్టున కుడికాలు ఆక్సిలరేటరుకు, ఎడమకాలు బ్రేకుకు. రెండింటిని ఒకేమారు త్రొక్కువాడు క్లచ్చిని మాడ్చుచున్నాడు. పెక్కు కార్టులలో బ్రేకు వెనుక ఇరుసునకే యుండును గనుక, దానిని మలుపునకు ముందే వేసి ముగింపవలెను; మలుపు నడుమ త్రొక్కినచో వెనుకభాగము జారి బండి గిఱ్ఱున తిరుగును. క్లచ్చివైపు పళ్లచక్రమునకు 12 పళ్లును, ఇరుసువైపు దానికి 60 పళ్లును ఉన్నచో, ఇంజను 3600 చుట్లు తిరుగగా ఇరుసు 720 తిరుగును. 28 సెంటీమీటర్ల వ్యాసముగల టైరుతో అది గంటకు 38 కిలోమీటర్ల వేగము. నేల కళ్ల క్రిందనే పరుగెత్తుచుండుటచే, కూర్చున్నవానికి ఆ 38 యే 80గా తోచును.

ఆ 3600 చుట్ల హద్దును కాపాడునది గవర్నరు అను చిన్న అమరిక. దానిని ఊడబెరికి వేగము పెంచుకొనుట కుర్రవారికి సరదా. తిరుగుడు రెట్టింపైనచో ఫ్లైవీలును చీల్చు బలము నాలుగింతలగును. పోతయినుప చక్రము పగిలినప్పుడు ముక్కలు ఎటు పోవునో ఎవరును చెప్పజాలరు, ఇంజనా మనిషి నడుమునకు చేరువనే యుండును.

ఈ జాతిలో లోకప్రసిద్ధమైనది హోండావారి జి.ఎక్స్. 160, ఒంటి సిలిండరు, 163 ఘనసెంటీమీటర్లు. దీనియందు కనెక్టింగ్ రాడ్డు అడుగున నున్న గరిటెవంటి కొన ప్రతి చుట్టునకును నూనెలో మునిగి, పైకి చిమ్ముచుండును, అదియే పంపు. ఉన్న నూనె అరలీటరుకు కొంచెము పైన. ఫిల్టరు లేమిచే లోహపు రజను, మసి అన్నియు ఆ నూనెలోనే తిరుగాడుచుండును గనుక, వడపోత యనగా మనిషి చేతితో నూనె మార్చుటయే. క్రొత్త ఇంజనుకు మొదటి 20 గంటలకును, పిమ్మట ప్రతి 100 గంటలకును మార్చవలెనని నియమము. క్రొత్తదానికి అప్పుడే మార్పేలయని చాలమంది ఊరకుందురు. నిజమునకు లోహము లోహముతో ఒరసి రజను మిక్కిలిగా రాలునది ఆ తొలి గంటలలోనే. నూనె తగ్గినప్పుడు ఇంజనును ఆపు అమరిక కొన్నింట కలదు. కార్టు మలుపులో నూనె ఒక ప్రక్కకు ఒరుగగా అది భ్రమపడి, నూనె యుండగనే ఇంజనును ఆపివేయును. అందుచే కార్టులవారు దాని తీగను తీసివేయుదురు; తీసినవారు ఎక్కబోవు ప్రతిసారియు బండిని సమతలమున నిలిపి నూనెపుల్ల చూడక తప్పదు.

బ్యాటరీకి బదులు ఫ్లైవీలు అంచున పొదిగిన అయస్కాంతము కలదు. అది తీగచుట్టను దాటిపోవునప్పుడెల్ల, 1831లో ఫారడే కనుగొనిన ధర్మము చొప్పున విద్యుత్తు పుట్టి, ప్లగ్గున 0.7 లేక 0.8 మిల్లీమీటర్ల సందున నిప్పురవ్వయై దూకును. ప్లగ్గును ఊడదీసి చూచుట వైద్యుడు నాలుక చూచుటవంటిది: లేత కాఫీరంగు ఆరోగ్యము, మసిబారిన నలుపు గాలి చాలలేదనుట, సున్నపు తెలుపు పెట్రోలు చాలక వేడెక్కుచున్నదనుట.

గాలి విషయమున మన సీమకు రెండు ఇక్కట్లు కలవు. కుప్పం, మదనపల్లె పీఠభూమి సముద్రమట్టమునకు దాదాపు 700 మీటర్ల యెత్తున నున్నది. ప్రతి 300 మీటర్లకు నూటికి మూడున్నర పాళ్ల చొప్పున ఇంజను శక్తి తగ్గును గనుక, ఇచ్చటి ఇంజను తీరప్రాంతపు తోబుట్టువుకంటె పన్నెండవ వంతు బలహీనము. దీనికి చేయగలిగినది స్వల్పము. రెండవది ధూళి. శిలలు శిథిలమై యేర్పడిన మన ఎఱ్ఱమట్టిలోని క్వార్ట్జ్ రేణువులు పోతయినుముకంటె గట్టివి. నూనెతో కలిసినచో అవి సిలిండరు గోడకు సానరాయి యగును. గాలిఫిల్టరును 50 గంటలకొకసారి శుభ్రపరుపుమందురు. వేసవిలో మట్టిబాటపై నడపువారు అంత ఓపిక పట్టరాదు. స్పంజిని సబ్బునీట కడిగి, ఆరబెట్టి, నాలుగు చుక్కల నూనె పిండవలెను. కాగితపుదానిని మాత్రము కడుగరాదు, మెల్లగా తట్టి దులుపవలెను.

క్లచ్చిని ఇరుసుతో కలుపు గొలుసును మధ్యన వ్రేలితో నొక్కగా అరంగుళము కదలుట సరియైన బిగువు. గొలుసుకును ఇరుసుకును మూతలేని బండి యెంత చిన్నదైనను, జడ, చున్నీ, తువ్వాలు అనువానికి మృత్యుపాశమే. 2020లో హైదరాబాదు శివారున ఒక విద్యార్థిని జుట్టు చక్రమున చిక్కి ప్రాణము పోయినది. ఇంజనును మూసిన గదిలో, ముఖ్యముగ పట్టుపురుగుల షెడ్డులో, పరీక్షకైనను నడపరాదు. ఆ పొగలోని కార్బన్ మోనాక్సైడునకు వాసన లేదు.

వీడరుగాని కార్టుగాని నెలల తరబడి మూలనున్న పిదప మొరాయించినచో, నూటికి తొంబదిపాళ్లు దోషము కార్బ్యురేటరుదే యని మెకానిక్కులు చూడకయే చెప్పుదురు. నేటి పెట్రోలున నూటికి 20 పాళ్లవరకు ఇథనాలు కలియుచున్నది. అది గాలిలోని తేమను పీల్చుకొని, నీరు మితిమీరగా పెట్రోలునుండి విడిపోయి అడుగునకు దిగి లోహమును తినును. మిగిలిన పెట్రోలు ఆవిరియై జిగురుగ మారి, మిల్లీమీటరుకంటె సన్ననైన జెట్టు రంధ్రమును పూడ్చును. కనుక పనిలేని కాలమునకు బండిని కట్టివేయునప్పుడు స్విచ్చితో ఇంజనును ఆపరాదు. ట్యాంకు క్రింది కొళాయిని మూసి, ఇంజనును నడువనీయవలెను. కార్బ్యురేటరు గిన్నెలో మిగిలిన పెట్రోలంతయు కాలి, అది రెండుమూడుసార్లు దగ్గి, తనంతట తానే నిలిచిపోవును. అప్పుడు స్విచ్చి కట్టి, ట్యాంకులోనిదానిని డబ్బాలోనికి వంపుకొనవలెను.