పరుసవేదియు గీటురాయియు



తాకినంతనే ఇనుమును బంగారముగా మార్చు రాయి యొకటి కలదని మన పల్లెలలో తరతరములుగా చెప్పుకొనుచున్నారు. దానికే పరుసవేది యని పేరు. స్పర్శవేధి యను సంస్కృతపదమే జనుల నోట నలిగి పరుసవేది యైనది. స్పర్శమనగా తాకుట. వేధమనగా రసశాస్త్రజ్ఞుల పరిభాషలో ఒక ద్రవ్యము లోహములోనికి చొచ్చి దాని గుణమును మార్చుట. ఈ రాతిని గూర్చి పూర్వులేమి తలచిరి, నేటి శాస్త్రమేమి చెప్పుచున్నది, దీని పేర నేటికిని జరుగుచున్న మోసములెట్టివి యను మూడు విషయములను మీకు విన్నవించెదను.

పూర్వులు వట్టి భ్రమచే ఈ రాతిని కల్పించిరని తలపరాదు. గనిలో దొరకు ఒక విధమగు ఆకుపచ్చని రాతిని బొగ్గుతో కాల్చిన ఎర్రని రాగి వచ్చును. ఆ రాగిని యశదధాతువు గల రసకమను రాతితో కలిపి కాచిన పసిడివన్నె గల ఇత్తడి వచ్చును. రాయి లోహమగుటయు, ఎర్రనిది పసుపువన్నె తాల్చుటయు కన్నులార చూచినవారు, ఇంకొక యడుగు వేసిన బంగారమే రాదా యనుకొనుట సహజమే కదా!

ఈ యాశకు మన దేశమున శ్రీశైలము పెట్టినది పేరు. నిత్యనాథసిద్ధుని రసరత్నాకరమున ఆ కొండలలోని సిద్ధస్థలముల వర్ణనము కలదు. కాని రససిద్ధులకు బంగారమే పరమప్రయోజనము కాదు. మాధవాచార్యుడు 14వ శతాబ్దిలో రచించిన సర్వదర్శనసంగ్రహమున రసేశ్వరదర్శనమను ప్రకరణ మున్నది. పాదరసమును మొదట లోహముపై పరీక్షించి, పిదప దేహదార్ఢ్యమునకై వాడవలెనని వారి మతము. అనగా బంగారము వారికొక పరీక్షయే గాని ఫలము గాదు.

కొండవీటి రెడ్లను గూర్చిన ఐతిహ్యమొకటి మీలో పలువురు వినియుందురు. ఒక వైశ్యుడు సంపాదించిన పరుసవేది పరులపాలు కాగా, అతడు దుఃఖముతో ప్రాణము విడిచెననియు, అతని పేరు నిలుపుటకే ఆ వంశమువారు వేమ యను పేరు పెట్టుకొనిరనియు చెప్పుదురు. ఇది చరిత్ర కాదు, కథ. కాని బంగారమిచ్చు రాయి యింటికి శాంతి నీయలేదని ఆ కథయే చెప్పుచున్నది.

పాశ్చాత్యులును ఇట్టి రాతికై శతాబ్దుల కొలది వెదకిరి. 1669లో హాంబర్గు నగరమున హెన్నింగ్ బ్రాండ్ అనువాడు మూత్రమును మరగించి, మిగిలిన దానిని కాల్చి, అందు బంగారపు మర్మము దొరకునని యాశపడెను. బంగారము రాలేదు, చీకటిలో వెలుగు భాస్వరము వచ్చినది. మన పొలములకు వేయు ఎరువులలో ముఖ్యమగు ధాతువులలో నొకటి ఆ భాస్వరమే. వెదకినది దొరకకున్నను, వెదకుటలో నిజాయితీ యున్నచో లోకమునకు మేలు కలుగునని దీనివలన తెలియుచున్నది.

ఇక నేటి శాస్త్రము చెప్పునది వినుడు. ప్రతి పదార్థమును అణువులచే నేర్పడినది. అణువు నడుమ కేంద్రకము, అందు ప్రోటానులను కణములు ఉన్నవి. ఇనుమునందు అవి 26, బంగారమునందు 79. నిప్పును, ద్రావకమును, మూలికారసమును అణువు యొక్క పైభాగమును మాత్రమే తాకగలవు, కేంద్రకమును కదల్పలేవు. ఇంటి గోడకు సున్నము వేసినంత మాత్రమున పునాది మారదు గదా! 1980 ప్రాంతమున అమెరికాలోని బర్క్లీ ప్రయోగశాలలో గ్లెన్ సీబోర్గు మొదలగువారు మహాయంత్రముచే బిస్మతు అణువులను కొన్నిటిని బంగారముగా మార్చిరి. కాని ఆ బంగారము కంటికి కానరానంత స్వల్పము. దానికైన వ్యయము దాని విలువకు ఎన్నో రెట్లు. కనుక కుంపటిపై బంగారము చేసెదననువాడు చేయునది బంగారము కాదు, కనుకట్టు.

ఆ కనుకట్టు ఎట్టిదో 1722లోనే జెఫ్రాయి యను శాస్త్రజ్ఞుడు పారిస్ విద్వత్సభకు వివరించెను. మూసకు రెండు అడుగులుండును. నడుమ బంగారుపొడి దాగియుండును. లేదా కలుపు పుల్ల బోలుగా నుండును. అందు బంగారము పోసి మైనముతో మూయుదురు. వేడికి మైనము కరగగా బంగారము మూసలో పడును.

నేడు వేషము మారినది. పిడుగుపడిన పాత రాగిచెంబు బియ్యమును ఆకర్షించుననియు, అది ఇరిడియముగా మారి కోట్ల విలువ చేయుననియు చెప్పి ‘రైస్ పుల్లింగ్’ పేర సొమ్ము లాగుచున్నారు. గింజలకు ఇనుపరజను పట్టించి, చెంబులో అయస్కాంతము దాచినచో గింజలు కదలుటలో వింత యేమున్నది? ఇరిడియము నిజముగా నున్న అరుదైన లోహమే. కాని అది బియ్యమును లాగదు, పిడుగు రాగిని ఇరిడియముగా మార్చదు. మరియొక ప్రమాదము గలదు: బంగారము చేసెదమని పాదరసమును కాచువారి యింట ఆ యావిరి విషమై పిల్లల యారోగ్యమును సైతము చెరచును.

ఇట్టివారిని నమ్మి పొలము తాకట్టుపెట్టినవాడు సిగ్గుచే నోరు మెదపడు. ఆ మౌనమే మోసగానికి తరువాతి యూరికి బాట వేయును. కావున మోసపోయినవానిని పరిహసింపకుడు. పెద్దలు వానిని చేరదీసి, వెంటబెట్టుకొని ఠాణాకు పోవుట గ్రామమునకు రక్ష.

పరుసవేది లేదు, గీటురాయి యున్నది. కంసాలి యొద్దనుండు ఆ నల్లని రాయి బంగారమును చేయజాలదు, కాని బంగారమేదో తేల్చి చెప్పును. దానిపై గీచిన గీతకు నత్రికామ్లము తాకింపగా ఇత్తడిగీత మాయమగును, మేలిమిగీత నిలుచును. బుద్ధిమంతుడడుగు ప్రశ్నయు అట్టిదే. “అయ్యా! బంగారము చేయు విద్య నీకుండగా నా రూపాయి నీకేల?” యని యడుగుడు. ఆ ప్రశ్నకు నిలుచు మోసగాడు లేడు.

మీ యింటనున్న ఇనుము నాగటికర్రుగా, కొడవలిగా నుండుటయే మనకు మేలు. అది పొలమును తాకినప్పుడు పండు గింజ పదిమంది కడుపు నింపును. ఈ మాటను మీ గ్రామమున నలుగురికిని చెప్పుదురని నమ్ముచు సెలవు గైకొనుచున్నాను. స్వస్తి.