ఉమ్మడి ఆస్తి పాడుకాక తప్పదా?

ఉమ్మడి గొర్రె పుచ్చి చచ్చిందని సామెత. చెరువుల గురించో, పశువుల బీళ్ల గురించో, అడవుల గురించో మాట వచ్చినప్పుడల్లా ఈ సామెత సిద్ధాంతమై కూర్చుంటుంది. అందరిదీ అయినది ఎవరికీ పట్టదు, కాబట్టి ఒకరి పేర పట్టా చేయాలి, లేదంటే ప్రభుత్వం స్వాధీనం చేసుకోవాలి అంటారు. ఈ నమ్మకానికి శాస్త్రం ముద్ర వేసినవాడు గారెట్ హార్డిన్ అనే అమెరికన్ జీవశాస్త్రవేత్త. 1968లో సైన్స్ పత్రికలో రాసిన వ్యాసంలో ఆయన ఒక పచ్చిక బయలును ఊహించుకోమన్నాడు. ఇంకో పశువును తోలుకొస్తే లాభం ఆ కాపరికి, మేత తరిగిన నష్టం అందరికీ. అందుకని ఎవరూ ఆగరు, చివరికి బయలంతా బోడి అవుతుంది. పర్యావరణ రాజకీయ చింతన రూపు కడుతున్న ఆ రోజుల్లో ఈ కథ గట్టిగా నాటుకుంది. 1977లో విలియం ఓఫల్స్ మరో అడుగు వేసి, వనరులు కొరవడే కాలాన్ని ఉదార ప్రజాస్వామ్యం తట్టుకోలేదని, పగ్గాలు బలమైన అధికారం చేతికి పోక తప్పదని వాదించాడు. ప్రకృతిని కాపాడాలంటే జనాన్ని అదుపులో పెట్టాలనే అపోహకు మూలం ఇక్కడుంది.

హార్డిన్ వర్ణించిన బయలుకు కట్టుబాటు లేదు, కాపలా లేదు. అక్కడి కాపరులు ఒకరితో ఒకరు మాట్లాడుకోరు కూడా. అది ఉమ్మడి భూమి కాదు, దిక్కులేని భూమి. ఈ రెండింటినీ ఒకటే అనుకోవడంతోనే పొరపాటు మొదలైంది. స్విట్జర్లాండ్‌లోని టోర్బెల్ గ్రామస్థులు 1517లోనే ఒక నిబంధన పెట్టుకున్నారు: చలికాలమంతా ఎన్ని ఆవులను మేపగలడో అన్నింటినే ఎవరైనా వేసవిలో కొండ మీది ఉమ్మడి పచ్చికకు తోలాలి. స్పెయిన్‌లోని వాలెన్సియాలో సాగునీటి తగాదాలను రైతులు ఎన్నుకున్నవారే ప్రతి గురువారం పెద్ద చర్చి గుమ్మం ముందు కూర్చుని తీరుస్తారు. శతాబ్దాలుగా ఆ పద్ధతి నడుస్తూనే ఉంది. హార్డిన్ కూడా తన వాదానికి సవరణ చెప్పుకోవలసి వచ్చింది. 1994లో రాసిన వ్యాసం శీర్షికలోనే, విషాదం ‘నిర్వహణ లేని’ ఉమ్మడి ఆస్తిది అని పేర్కొన్నాడు. మొదటి వ్యాసం తిరిగినంత దూరం ఆ సవరణ తిరగలేదు, నష్టమంతా అక్కడే జరిగింది.

మనకు దగ్గరి సాక్ష్యం కర్నూలు జిల్లాలో ఉంది. రాబర్ట్ వేడ్ అనే పరిశోధకుడు అక్కడి కాలువ గ్రామాలను చాలాకాలం పరిశీలించి 1988లో ‘విలేజ్ రిపబ్లిక్స్’ అనే పుస్తకం ప్రచురించాడు. కొన్ని ఊళ్లు చట్టంతో పని లేకుండా, అధికారిక పంచాయతీతో సంబంధం లేకుండా సొంత మండలి పెట్టుకున్నాయి. పొలాలకు వంతు ప్రకారం నీళ్లు పారించేందుకు, పైర్ల మీద పశువులు పడకుండా కాసేందుకు జీతాలిచ్చి మనుషులను పెట్టాయి. వాటికి ఊరుమ్మడి నిధి కూడా ఉండేది. కోతలయ్యాక పొలాల్లో మేపుకునే హక్కును బయటి గొర్రెల కాపరులకు వేలం వేసి ఆ నిధిని కూడబెట్టేవారు. పై అధికారుల నుంచి నీళ్లు రాబట్టుకునేందుకు పెట్టే లంచం కూడా అందులోంచే పోయేదని వేడ్ దాచకుండా రాశాడు. అయితే అన్ని ఊళ్లలో ఇలా లేదు. కాలువ మొదట్లో, నీటికి కరువు లేని చోట ఇలాంటి ఏర్పాటు అరుదు. చివరి ఆయకట్టులో, నీళ్లు వస్తాయో రావోనన్న భయం ఉన్న చోట గట్టిగా కనిపించింది. కొరత వస్తే మనుషులు ఒకరినొకరు తొక్కుకుంటారని హార్డిన్, ఓఫల్స్ లెక్కవేశారు. ఈ ఊళ్లలో మనుషులను ఒక్కచోట కూర్చోబెట్టింది ఆ కొరతే. ఇలాంటి ఉదాహరణలెన్నో కూర్చి ఎలినోర్ ఆస్ట్రోమ్ 1990లో, ఉమ్మడి వనరులను జనమే సొంత కట్టుబాట్లతో కాపాడుకోగలరనే సిద్ధాంతం నిలబెట్టింది. 2009లో అర్థశాస్త్రంలో నోబెల్ అందుకున్న తొలి మహిళ ఆమె.

ఇక సర్కారు చేతిలో ఉంటే భద్రమన్న మాట. న్యూఫౌండ్లాండ్ తీరంలో కాడ్ చేపల వేటను కెనడా కేంద్ర ప్రభుత్వమే శాస్త్రవేత్తల లెక్కలతో, కోటాలతో నడిపింది. 1992లో చేపలు దాదాపు కనుమరుగై వేటనే నిషేధించాల్సి వచ్చింది, వేలాది మంది ఉపాధి పోయింది. మన దేశంలో 1878 అటవీ చట్టం అడవుల మీద ఊళ్లకున్న హక్కులను హరించింది. తనది కాదన్న అడవిని కాపాడే బాధ్యత కూడా ఊరికి ఉండదన్నది అప్పటి పాలకులు పట్టించుకోలేదు.

ఉమ్మడి నిర్వహణ వాదానికి అభ్యంతరాలు రెండున్నాయి. బలమైనది ఇది: ఊరంటే సమానుల సభ కాదు కదా, ఉమ్మడి పెత్తనం అంటే పెద్ద కులాల, పెద్ద రైతుల పెత్తనమే కదా? నిజమే. వేడ్ చూసిన మండళ్లను నడిపింది కూడా భూస్వాములే. 1997లో ఆంధ్రప్రదేశ్ నీటి వినియోగదారుల సంఘాలకు చట్టం చేసినప్పుడు కూడా ఓటును ఆయకట్టు భూమితోనే ముడిపెట్టింది. భూమి లేని కుటుంబాలు అవే నీళ్ల మీద ఎంత ఆధారపడినా వాటికి ఓటు దక్కలేదు. అయినా ఈ అన్యాయానికి మందు ఉమ్మడి హక్కును రద్దు చేయడం కాదు, ఆ సభలో అందరికీ ఓటు ఇవ్వడం. రద్దు చేస్తే ముందుగా నష్టపోయేది సెంటు భూమి లేకుండా బీడు మీద మేక మేపుకునే మనిషే. వాతావరణ మార్పు ఊరి స్థాయిలో తేలేది కాదన్నది రెండో అభ్యంతరం. ఊరొక్కటే చాలని ఆస్ట్రోమ్ ఎన్నడూ అనలేదు. ఊరు, రాష్ట్రం, దేశం ఒక్కొక్కటీ తన అంతస్తులో పని చేయాలంది. ఊళ్లు పెట్టుకున్న కట్టుబాట్లను ప్రభుత్వం గుర్తించాలన్నది ఆమె సూత్రాల్లో ఒకటి.

ఆ గుర్తింపు మన చట్టంలో ఇప్పటికే ఉంది. 2006 అటవీ హక్కుల చట్టం సాంప్రదాయికంగా కాపాడుకుంటూ వచ్చిన సామూహిక అడవిని రక్షించి నిర్వహించుకునే హక్కును గ్రామసభకు ఇచ్చింది. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ పోడు పట్టాల మీద నడిచినంత చర్చ ఈ హక్కు మీద నడవలేదు. అడవి అంచు ఊళ్లలో పనిచేసే కార్యకర్తలు, ఉపాధ్యాయులు, యువకులు ఈ నిబంధన చదివి, వచ్చే గ్రామసభలో సామూహిక హక్కు దరఖాస్తును చర్చకు పెట్టాలి.