కాలానికీ కొమ్మలుంటాయి!

'ఆ రోజు అలా జరగకుండా ఉంటేనా...' అని ఒక్కసారైనా అనుకోని మనిషి ఉండడు. ఆ ఊహను పట్టుకుని ఎన్నెన్నో లోకాలు చూపించిన తత్వగ్రంథం ఒకటుంది. దాన్ని తెలుగులోకి తెచ్చిన కవిది పరకాలకు ఉత్తరాన, గోదావరి వైపున్న రామగిరి సీమ.

1947 ఆగస్టు 15న బెజవాడలో మువ్వన్నెల జెండా ఎగిరింది. సరిగ్గా పద్దెనిమిది రోజుల తర్వాత, సెప్టెంబరు 2న, అదే జెండా ఎగరేయాలని వరంగల్ జిల్లా పరకాలలో జనం పోగయ్యారు. నిజాం పోలీసులూ రజాకార్లూ తుపాకులు పేల్చారు. 22 మంది చనిపోయారని స్థానికులు లెక్క చెబుతారు.

ఒకే భాష, ఒకే జెండా. మధ్యలో సంస్థానం సరిహద్దు. దానికి అటు స్వాతంత్ర్యం, ఇటు తూటాలు! హైదరాబాద్ భారతదేశంలో కలవడానికి 1948 సెప్టెంబరు 17 దాకా ఆగాల్సి వచ్చింది. ఆ త్యాగాలకు గుర్తుగా 2003లో పరకాలలో కట్టిన అమరధామం ముందు నిలబడితే ఎవరికైనా ఒక ప్రశ్న కలుగుతుంది. నిజాం ఏడాది ముందే దిగివచ్చి ఉంటే? వాళ్లంతా ఆ పొద్దు ఇంటిపట్టునే ఉండి ఉంటే?

జరిగిన కాలం పక్కనే, జరగని కాలం మరొకటి కొమ్మలా సాగుతూ ఉంటుందా?

రామగిరి కవి
ఇలాంటి ప్రశ్నల చుట్టూ అల్లుకున్న సంస్కృత గ్రంథం యోగవాసిష్ఠం. 15వ శతాబ్దంలో దాన్ని 'వాసిష్ఠ రామాయణం'గా తెలుగు చేసినవాడు మడికి సింగన. రామగిరి ఏలిక ముత్తభూపాలుడి మంత్రి కందనామాత్యుడు ఆయన్ని ఆదరించాడు. సింగన తన పద్మపురాణోత్తరఖండాన్ని ఆయనకే అంకితమిచ్చాడు. రామగిరి ఖిల్లా ఇప్పుడు పెద్దపల్లి జిల్లాలో ఉంది.

పేరులో రామాయణం ఉన్నా ఇందులో యుద్ధం లేదు. ఇంకా పదహారేళ్లు నిండని రాముడు తీర్థయాత్రల నుంచి తిరిగొస్తాడు. తిండి సహించదు, ఆటలు రుచించవు. ఏం చేసినా చివరికి మిగిలేదేముంది అన్న దిగులు. అదే సమయంలో యాగరక్షణకు రాముణ్ని పంపమంటూ విశ్వామిత్రుడు వస్తాడు. అప్పుడు వసిష్ఠుడు ఆ పిల్లవాణ్ని కోప్పడలేదు. కూర్చోబెట్టి కథలు చెప్పాడు.

గదిలో ఎన్ని లోకాలో!
వాటిలో ఒకటి లీల కథ. భర్త పద్మ మహారాజు చనిపోయినా అతని జీవుడు గది దాటి పోకూడదని రాణి లీల ముందే సరస్వతి దగ్గర వరం పొందింది. ఆయన పోయాక సరస్వతి వెంట వెతుక్కుంటూ వెళ్తే... ఆ గదిలోనే మరో లోకం! అక్కడ ఆయన విదూరథుడనే రాజు. వయసు డెబ్భై ఏళ్లు. ఆయన పక్కన ఇంకో లీల! అంతకుముందు జన్మలో ఆయనో పల్లెటూరి బ్రాహ్మడు. ఓ రాజు ఊరేగింపు చూసి 'నాకూ ఇలాంటి వైభవం ఉంటే' అని ఆశపడ్డాడు. ఆ బ్రాహ్మడు పోయి ఎనిమిది రోజులే అయింది. ఇక్కడ ఎనిమిది రోజులు, అక్కడ నిండు జీవితాలు.

లవణ మహారాజు కథ ఇంకా చిత్రం. సభలో ఇంద్రజాలికుడి మాయకు లోబడి కాసేపు కళ్లు మూస్తాడు. ఆ కాసేపట్లోనే అడవి పల్లెలో పెళ్లాడి, బిడ్డల్ని కని, కరవుకు అల్లాడి, ముసలివాడైపోతాడు. తెలివి వచ్చాక అంతా భ్రమేననుకుని ఊరుకోడు. మర్నాడే వింధ్యారణ్యానికి వెళ్తాడు. పల్లె అక్కడే ఉంది. పోయినవాళ్లను తలచుకుని ఏడుస్తున్న అత్తగారూ ఉంది!

ఇక భుశుండుడనే కాకి. మేరు పర్వతం మీద యుగయుగాలుగా బతుకుతూ ఎన్నో సృష్టులు చూసిందట. కొన్ని అచ్చం ఇలాగే నడిచాయి, కొన్ని పూర్తిగా వేరే దారి పట్టాయి.

అమెరికాలో మరో దారి
1957లో హ్యూ ఎవరెట్ అనే యువ భౌతిక శాస్త్రవేత్త ఇలాంటి మాటే లెక్కల్లో చెప్పాడు. పరమాణువుల స్థాయిలో ఒక కొలతకు నాలుగు ఫలితాలు సాధ్యమైతే నాలుగూ జరుగుతాయి. ఒక్కోటి ఒక్కో శాఖలో. మనకు తెలిసేది మనమున్న శాఖే. దీన్నే బహుళ ప్రపంచాల సిద్ధాంతం అంటున్నారు. శాస్త్రవేత్తలు ఇప్పటికీ దీనిమీద వాదించుకుంటూనే ఉన్నారు.

'మనవాళ్లు ఎప్పుడో చెప్పేశారు' అని జబ్బలు చరుచుకోవడం తేలికే. కానీ రెండూ ఒకటి కాదు. ఎవరెట్‌వి సమీకరణాలు. వసిష్ఠుడిది మనసు గురించిన మాట. లోకాలన్నీ మనసులోంచి పుడతాయంటాడాయన. అయితే ఇద్దరి ముందూ నిలిచే చిక్కు ఒకటుంది. అన్ని కొమ్మలూ ఉన్నప్పుడు ఈ కొమ్మ మీద మనం ఏం చేస్తే ఏంటి?

పొట్టేళ్ల పోరు
ఎవరెట్ లెక్కలు ఆ జోలికి పోవు. వసిష్ఠుడు మాత్రం కథల్లోకి దిగకముందే జవాబు చెప్పేశాడు. విధి అంటూ వేరే ఏదీ లేదు, నిన్న చేసిన పనికే ఆ పేరు పెట్టుకున్నాం అంటాడు. నిన్నటి ప్రయత్నం, ఇవాళ్టి ప్రయత్నం రెండు పొట్టేళ్లలా ఢీకొంటాయి. బలమున్నది గెలుస్తుంది. నిన్నటిది ఎంత బలిసినా ఇవాళ్టిదాన్ని మేపడం మన చేతిలోనే ఉంది.

పరకాలలో ఆ రోజు జరిగిందీ అలాంటి పోరే. 'నిజాం రాజ్యం, మన రాత ఇంతే' అన్నది పాత పొట్టేలు. చేతిలోని జెండా కొత్తది. ఆ పూట కొత్తదే నేలకొరిగినట్టు కనిపించింది. ఏడాది తిరిగేసరికి సంస్థానమే కథలో కలిసిపోయింది. ఎక్కడో ఓ కొమ్మ మీద ఆ 22 మందీ క్షేమంగా ఇల్లు చేరి ఉండొచ్చు. ఆ ఊహ ఇక్కడి ఇళ్లలో పోయినవాళ్లను తెచ్చివ్వదు. వాళ్లు ఈ కొమ్మ మీద చేసిన పనే ఈ కొమ్మను వంచింది.

అన్ని లోకాల కథలూ విన్న రాముడు ఏ లోకానికీ పారిపోలేదు. విల్లు తీసుకుని విశ్వామిత్రుడి వెంట బయల్దేరాడు.